కెమెరా ప్రింటు

మా కాకకు మొదటి వీడియో కెమెరా కొనిచ్చింది మా బాపే. కాక అంటే బాపు తమ్ముడు. తల్లి పోయేనాటికి ఆయన ఇంకా చెడ్డీలు వేసుకునే పిల్లవాడట. మా అమ్మ పెళ్లయి వచ్చాక ఆయన్ని మరిదిలా చూడలేదు, పెద్దకొడుకులా సాకింది. నేను పుట్టి పెద్దదాన్నయ్యాక కూడా పొయ్యి మీది మొదటి రొట్టె ఆయన కంచంలోనే పడేది.

బాపు నారాయణఖేడ్‌లో టాకీసు నడిపేవాడు. సొంతం కాదు, లీజుకు తీసుకున్నది. రేకుల కప్పు. ఎండాకాలం మ్యాట్నీకి కూర్చుంటే చొక్కాలు పిండుకోవాల్సిందే. వాన పడితే రేకుల చప్పుడుకు తెర మీది మాటలు వినపడేవి కావు. అయినా చుట్టుపక్కల పల్లెలకు అదే హాలు. సిర్గాపూర్ వైపు నుంచి, నాగల్‌గిద్ద వైపు నుంచి జనం ఆటోల్లో, జీపుల్లో కిక్కిరిసి వచ్చేవాళ్లు. ఆడవాళ్లకు టికెట్టు కిటికీ వేరుగా ఉండేది. డిగ్రీ చదివే రోజుల్లో ఆ కిటికీ వెనక నేనే కూర్చునేదాన్ని.

కాకకు చదువు అంటలేదు కానీ మిషన్లంటే ప్రాణం. బాపు ఆయనకు బస్సు డిపో దగ్గర దుకాణానికి ఒక చిన్న షట్టర్ ఇప్పించాడు. మొదట వీసీఆర్ కిరాయికి ఇచ్చేవాడు. కలర్ టీవీని దుప్పట్లో చుట్టి, ఆటోలో ఒళ్లో పెట్టుకొని పెళ్లిళ్లకు, జాతరలకు పల్లెలకు పోయేవాడు. ఆ క్యాసెట్లు ఎక్కడి నుంచి వస్తున్నాయని ఎవరూ అడగలేదు. అవి కాపీకి కాపీ, దానికి మళ్లీ కాపీ. ఎర్రచీర గులాబీరంగై కనపడేది. హీరో పక్కన ఇంకో హీరో నీడలాగా కదిలేవాడు. తెర అడుగున గీతలు పాకేవి. చూసేవాళ్లకు అదేమీ పట్టేది కాదు, తెల్లారేదాకా కదిలేవాళ్లు కాదు. ఆ తర్వాత బాపు కొనిచ్చిన కెమెరాతో కాక పెళ్లి వీడియోలు తీయడం మొదలుపెట్టాడు.

మా టాకీసు ఆపరేటర్‌ను మేమంతా చాచా అనేవాళ్లం. ఆయన ఒకరోజు బాపుతో అన్నాడు: "సేట్, ఇంట్లనే టాకీసు పెడ్తుండు నీ తమ్ముడు. రేపు మన హాలుకు ఎవరస్తరు?"

బాపు నవ్వాడు. "ఇంట్ల సూసెటోడు ఇంట్ల సూస్తడు, హాలుకచ్చెటోడు హాలుకే అస్తడు. ఆనిది ఆనికి, నాది నాకు."

క్యాసెట్లు ఉన్నంతకాలం ఆ మాట నిజమే. సీడీలు వచ్చాక చెల్లలేదు. వీసీఆర్ కొనే స్తోమత పల్లెల్లో ఎవరికుంటుంది? సీడీ ప్లేయర్ అలా కాదు, కూలికి హైదరాబాదు పోయి వచ్చేవాళ్లు కూడా సంచిలో వేసుకొని తెచ్చుకునేవాళ్లు. మా ఊరికి సినిమా రీళ్ల పెట్టె రావాలంటే పట్నం హాళ్లన్నీ తిరిగి, అరిగి, వారాల తర్వాత వచ్చేది. సీడీ మాత్రం పొద్దటి బస్సుకే దిగేది. ఒక సినిమా రెండు ముక్కలు, ఒక్కోసారి మూడు. కాక షట్టర్ నిండా ప్లాస్టిక్ కవర్లలో మెరిసే బిళ్లలు వేలాడేవి.

నా టికెట్టు కిటికీ ముందుకు వచ్చిన ఒక అవ్వ గోడ మీది పోస్టరు చూసి అంది: "గీ సిన్మా మేం ఎప్పుడో సూసినం బిడ్డా, సీడీల. మా ఇంట్ల పిల్లలకు మాటలన్నీ నోటికస్తయి. గిప్పుడేసిండ్రా మీరు?"

ఆ మాట బాపుకు చెప్పాను. కొన్నాళ్లకు సిర్గాపూర్ దారిలో మాకున్న కంది చేను అమ్మేశాడు. ఆ డబ్బు హైదరాబాదులో సినిమా ఇచ్చే కంపెనీ వాళ్లకు కట్టి, ఒక పెద్ద హీరో సినిమా పట్నంలో విడుదలైన రోజే నారాయణఖేడ్‌లో కూడా ఆడేట్టు ఒప్పించుకొని వచ్చాడు. మా హాలు చరిత్రలో అట్లాంటిది ఎన్నడూ లేదు. అమ్మ చేను కోసం ఏడ్చింది. బాపు మాత్రం పెళ్లి కుదిరిన మనిషిలా తిరిగాడు. సున్నం వేయించాడు, విరిగిన కుర్చీలు బాగు చేయించాడు, చాచాకు కొత్త చొక్కా కుట్టించాడు.

ఆ రోజు నా కిటికీ ముందు ఆడవాళ్లు ఒకరి మీద ఒకరు పడ్డారు. టికెట్లు చింపి చింపి నా వేళ్లు నల్లబడ్డాయి. అన్నీ అమ్ముడయ్యాక తలుపులు వేసి నేను కూడా లోపలికి పోయి గోడకు ఆనుకొని నిలబడ్డాను. హీరో కనపడగానే కాగితం ముక్కలు వాన కురిసినట్టు కురిశాయి. ముందు వరుసల వాళ్లు లేచి నిలబడి ఈలలు. బాపు టార్చిలైటు పట్టుకొని తెర ముందు నుంచి నడుచుకుంటూ పోయి అరిచాడు: "కూసోండ్రి, కూసోండ్రి! ఎనకోళ్లు మనుషులు కాదా? సిన్మా యాడికి పోదు, మూడు గంటలు ఈడనే ఉంటది!" హాలంతా గొల్లున నవ్వింది. ఆయన కూడా నవ్వాడు.

కాక బాల్కనీలో మొదటి వరుసలో, సరిగ్గా నడుమ కూర్చున్నాడు. ఆ సీటు బాపే ఇచ్చాడు. ఇంటర్వెల్‌లో సోడా కూడా పంపించాడు. కాక దగ్గర కెమెరా సంచి ఎప్పుడూ ఉండేదే కనుక ఎవరికీ అనుమానం రాలేదు.

వారం తిరగకముందే హాలు పలచబడింది. ఆదివారం మ్యాట్నీకి కూడా వెనక కుర్చీలు ఖాళీగా కనిపించాయి. చాచా ఎక్కడి నుంచో ఒక సీడీ సంపాదించుకొచ్చి బాపు చేతిలో పెట్టాడు. "పల్లెల్ల ఇదే నడుస్తున్నది సేట్. కెమెరా ప్రింటు," అన్నాడు. కెమెరా ప్రింటు అంటే హాల్లో కూర్చొని తెర మీది సినిమాను కెమెరాతో తీసింది.

ఆ సాయంత్రం బాపు, అమ్మ, నేను ఇంట్లో ఆ సీడీ పెట్టి చూశాం. బొమ్మ కాస్త వంకరగా ఉంది. రంగులు వెలిసిపోయాయి. ఎవరో దగ్గారు. ఎక్కడో పసిపిల్ల ఏడ్చింది. హీరో వచ్చాడు, ఈలలు మొదలయ్యాయి. అప్పుడు టీవీలోంచి మా బాపు గొంతు వినపడింది. "కూసోండ్రి, కూసోండ్రి! ఎనకోళ్లు మనుషులు కాదా?" ఆయన నీడ తెర కింది నుంచి టార్చి వెలుగుతో దాటిపోయింది. హాలంతా నవ్వింది.

మేము ముగ్గురం ఒకరి ముఖం ఒకరం చూసుకోలేదు. బాల్కనీ నడుమ నుంచి తీసిన బొమ్మ అది. ఆ సీట్లో ఎవరు కూర్చున్నారో ఇంట్లో చెప్పాల్సిన పని లేదు. బాపు లేచి టీవీ ఆపి, చెప్పులు వేసుకోకుండానే వాకిట్లోకి పోయి నిలబడ్డాడు.

పొద్దున ఆయన కాక షట్టర్‌కు పోతుంటే, కోపంలో చెయ్యి చేసుకుంటాడేమోనని అమ్మ నన్ను వెంట పంపింది. బాపు చెయ్యి ఎత్తలేదు. గొంతు కూడా ఎత్తలేదు.

"ఎందుకు చేసినవ్‌రా?" అని అడిగాడు.

కాక తల వంచుకున్నాడు. "పట్నపోళ్లు అడిగిండ్రన్నా. కాపీలు కొట్టే మిషన్ ఇస్తమన్నరు. నారాయణఖేడ్ దిక్కు అమ్మేది లేదని మాటిచ్చిండ్రు. ఒట్టు. ఈడికి రాదనుకున్న."

"వచ్చింది గద."

"నేను తియ్యకపోతే ఇంకోడు యాడనన్న తీస్తుండె గదన్నా..."

"తీయనీ," అన్నాడు బాపు. "ఆడు నా తమ్ముడు కాదు గద."

అంతే. వాళ్లిద్దరి మధ్య అదే చివరి మాట. అది అప్పుడు నాకు తెలియదు.

తర్వాత కంపెనీ మనుషులు హైదరాబాదు నుంచి జీపులో వచ్చారు. ఒక్కో ప్రింటులో కంటికి ఆనని చుక్కలు ఉంటాయట. వాటిని బట్టి ఏ హాల్లో తీశారో చెప్పగలరట. మీ హాల్లోనే తీశారు, ఎవరో చెప్పు, కేసు పెడతాం, నీకేమీ కాదు అన్నారు. నేను టికెట్ల గదిలోనే ఉన్నాను. బాపు "జనం మస్తు వచ్చిండ్రు సార్. ఎవడు తీసిండో నాకెర్కలేదు," అన్నాడు. వాళ్లు రెండోసారి, మూడోసారి అడిగారు. ఆయన అదే మాట అన్నాడు. మీద పడ్డ నింద మీదనే ఉంచుకున్నాడు.

ఆ మాటతో కాక జైలు తప్పింది. మాకు మాత్రం మంచి సినిమాలు రావడం ఆగిపోయింది. ఎవరూ కొత్త పెట్టె ఇవ్వలేదు. పాత సినిమాలు, ఎక్కడా ఆడని సినిమాలు వేసి వేసి, చివరికి బాపు లీజు వదులుకున్నాడు. హాలు యజమాని కుర్చీలు ఊడబీకించి, దాన్ని కందుల గోదాముగా మార్చాడు. బాపుకు వేరే పని చేతకాదు. ఆ గోదాములోనే లెక్క రాసే పనికి కుదిరాడు. నేను ఒకసారి అన్నం గిన్నె తీసుకొని వెళ్తే, తెర ఉండిన గోడ కింద, బస్తాల నడుమ కుర్చీ వేసుకొని కూర్చొని ఉన్నాడు. గాలిలో కంది దుమ్ము. ఆయన దగ్గుతూనే నన్ను చూసి, "ఎండల ఎందుకచ్చినవ్ బిడ్డా," అన్నాడు. నేను గిన్నె పెట్టి వచ్చేశాను. దారంతా ఏడుస్తూ నడిచాను.

కాక మాత్రం అటు కాలంతో పాటు మారుతూ పోయాడు. సీడీల తర్వాత డీవీడీలు వచ్చాయి. ఒక బిళ్లలో ఐదు సినిమాలు. తర్వాత బిళ్లలే పోయి, గోరంత మెమరీ కార్డులు వచ్చాయి. సంత రోజున పల్లె జనం ఫోన్లు ఆయన చేతిలో పెట్టి, సరుకులు కొనుక్కొని తిరిగి వచ్చేసరికి ఆయన సినిమాలు ఎక్కించి ఉంచేవాడు. కార్డులో పట్టాలని సినిమాను కుదించి కుదించి పెట్టేవాళ్లు. అరచేతిలో అగ్గిపెట్టెంత తెర మీద మనుషుల ముఖాలు గడులు గడులుగా విరిగి కనపడేవి. ఆ తర్వాత అందరి ఫోన్లలోకీ నెట్టు చౌకగా వచ్చింది. ఎవరి సినిమా వాళ్లే దించుకోవడం నేర్చుకున్నారు. కాక షట్టర్ ముందు కూడా జనం ఆగడం మానేశారు. ఆయన ఆ బిళ్లలన్నీ తుక్కుకు వేసి, షట్టర్ దించేశాడు.

ఇన్నేళ్లూ అన్నదమ్ములు ఒకే ఊళ్లో ఉన్నారు. కాక ఎదురు వస్తే బాపు పక్క గల్లీలోకి తిరిగేవాడు. తిట్టిందీ లేదు, ఒకరి దగ్గర చెప్పుకున్నదీ లేదు. సంక్రాంతి, దసరా ఏదొచ్చినా అమ్మ మాత్రం చాటుగా కాక ఇంటికి గారెలు పంపేది. బాపుకు తెలుసని నా అనుమానం. గిన్నె తిరిగి వచ్చిన రోజు ఆయన దాన్ని చూసి చూడనట్టు దాటిపోయేవాడు.

బాపు ఊపిరితిత్తులు చెడిపోయి, సంగారెడ్డి దవాఖానాలో పోయాడు. ఊరికి తెచ్చి అంతా సిద్ధం చేశాక, కొరివి ఎవరు పెట్టాలని పెద్దలు మాట్లాడుకుంటున్నారు. ఆయనకు నేనొక్కదాన్నే, కొడుకులు లేరు. కాక గుంపుకు దూరంగా, తుమ్మచెట్టు పక్కన నిలబడి ఉన్నాడు. దగ్గరికి రావడానికి ధైర్యం చాలలేదు. అమ్మే ఆయన వైపు చూసి పిలిచింది: "ఏందిరా గంత దూరం నిలబడ్డవ్? నిన్ను పెంచిన మనిషి ఆయన. నువ్వే పెట్టాలె. రా."

కాక వచ్చాడు. కొరివి ఆయనే పెట్టాడు.

దినాలయ్యాక ఒకరోజు ఆయన మా ఇంటికి వచ్చి గడప దగ్గరే కూర్చున్నాడు. అమ్మ గోడ మీది ఫోటో చూస్తూ అంది: "ముఖం కండ్ల ముంగటనే ఉన్నది బిడ్డా. మాటనే పోతున్నది. ఎట్ల మాట్లాడుతుండెనో యాదికి తెచ్చుకుందమంటే దొరుకుతలేదు."

ఇంట్లో కెమెరా ఉన్న మనుషులమే కానీ బాపు గొంతు మా దగ్గర ఎక్కడా లేదు. ఫోన్లో మాట్లాడిన మాటలు ఎవరు దాచుకుంటారు? బాపు కాకకు చేసిన పెళ్లి క్యాసెట్ ఒకటి ఉండేది, అందులో బాపు పందిట్లో అందరినీ అన్నానికి పిలుస్తూ తిరిగాడు. బీరువా మీది నుంచి దాన్ని తీస్తే టేపంతా తెల్లగా బూజు పట్టి ఉంది. సంగారెడ్డిలో ఒక స్టూడియోలో తిప్పబోతే ముక్కలైంది.

అప్పుడు కాక, నేల చూస్తూ, మెల్లగా అన్నాడు: "వదినా, గా సీడీల అన్న మాట ఉంటది."

ఏ సీడీయో చెప్పకపోయినా మాకు అర్థమైంది. దాని అసలు క్యాసెట్టును, తన దగ్గరి సీడీలను ఆయన అప్పుడే విరగ్గొట్టేశాడట. బాపు షట్టర్‌కు వచ్చి వెళ్లిన రోజునే. అయినా పల్లెల్లో ఎవరి దగ్గరైనా ఉండకపోదన్నాడు. నేను సిర్గాపూర్‌లో టీచరును. సెలవు దొరికినప్పుడల్లా కాక బండి వెనక కూర్చొని తిరగడం మొదలుపెట్టాను. ఆయన మీద నాకు కోపం పోలేదు. బండి మీద కూడా పెద్దగా మాట్లాడుకోలేదు.

పాత సీడీలని అడిగితే జనం చేల వైపు చేయి చూపించారు. జొన్న కంకులు పాలు పట్టే కాలం. పిట్టలు బెదరడానికి సీడీలను దారాలకు కట్టి చేలల్లో వేలాడదీశారు. గాలికి గిర్రున తిరుగుతూ ఎండను విసిరికొడుతున్నాయి. వాటిపై పేర్లు చెరిగిపోయాయి. ఒక రైతు మా ముఖాలు చూసి జాలిపడి కొన్ని విప్పి ఇచ్చాడు. వెండిపూత లేచిపోయి, బిళ్లలోంచి ఆకాశం కనపడింది. ఏవీ ఆడలేదు.

ఒక ఇంట్లో ఐదు సినిమాల డీవీడీ దొరికింది. అందులో ఆ సినిమా ఉంది. బొమ్మ మా హాలుదే, అదే వంకర. ఊపిరి బిగబట్టి చూశాం. బాపు నీడ టార్చి వెలుగుతో తెర కింది నుంచి దాటింది. మాట లేదు. నవ్వులు లేవు, ఈలలు లేవు, హీరో మాటలు మాత్రం తేటగా వినపడుతున్నాయి.

"సౌండ్ వేరేది తెచ్చి అతికిచ్చిండ్రు," అన్నాడు కాక. "హాలు చప్పుళ్లుంటే జనం గులుగుతుండ్రని గట్ల చేస్తుండె." మళ్లీ వెనక్కి తిప్పి ఆ నీడను చూశాం. నోరు కదిలిందో లేదో కూడా తెలియలేదు.

చివరికి నాగల్‌గిద్ద అవతల, కర్ణాటక సరిహద్దును ఆనుకున్న ఒక ఊళ్లో, ఒకామె "బర్రి, కూడ్రి" అని కన్నడంలో రమ్మని, కూర్చోమని మంచం వాల్చింది. ఆమె భర్త హైదరాబాదులో మేస్త్రీ. ఆయన పాత బటన్ ఫోను పాటల కోసమని ఆమె దాచుకుంది. "ఇందుల సిన్మాలున్నయి. మీ షాపులనే ఎక్కిచ్చినం," అంది కాకను గుర్తుపట్టి. చార్జింగ్ పెట్టి, చాలాసేపు ఆగి, వెతికితే ఆ సినిమా ఉంది. పట్నం నుంచి గుత్తగా వచ్చినవాటిని చూడకుండానే ఎక్కించేవాణ్నని కాక అన్నాడు. సగమే ఉంది, కానీ మాకు కావలసిన సగమే.

ముఖాలేవీ పోల్చుకోలేనంతగా బొమ్మ విరిగిపోయింది. మాట మాత్రం అతికించింది కాదు, హాల్లోదే. ఈలలు వచ్చాయి. ఆ వెంటనే, డబ్బాలోంచి వచ్చినట్టు సన్నగా, "కూసోండ్రి, కూసోండ్రి..."

కాక లేచి వాకిలి దాటి పోయాడు. కంది చేను గట్టు మీద, మాకు వీపు పెట్టి కూర్చున్నాడు. భుజాలు అదురుతున్నాయి. ఆ ఇంటామె కంగారుపడి, "ఏమైంది అక్కా? ఎవరది?" అని అడిగింది. "మా బాపు," అన్నాను. ఆమె నీళ్ల చెంబు తీసుకొని కాక దగ్గరికి నడిచింది.

ఆ ముక్కను నా ఫోన్లోకి ఎక్కించుకొని ఇంటికి వచ్చాం. అమ్మ మంచం మీద కూర్చుంది. కాక ఈసారి కూడా గడప దగ్గరే. నేను ఫోను అమ్మ చెవి దగ్గర పెట్టాను. బాపు అరిచాడు, హాలు నవ్వింది, బాపు కూడా నవ్వాడు. అమ్మ కళ్లు మూసుకొని వింది. ఇంకోసారి పెట్టమని సైగ చేసింది. రెండోసారి విన్నాక ఫోనును తన చేతితో పక్కకు జరిపింది.

"ఎంత సంతోషంగ ఉన్నడో సూడు," అంది. "పాపం, ఆయనకేం ఎర్కలేదు అప్పటికి."

గడప దగ్గర కాక చప్పుడు లేకుండా లేచాడు. అమ్మ ఆయన్ని ఉద్దేశించి అనలేదు. నాకు తెలుసు, ఆయనకూ తెలిసే ఉంటుంది. కానీ ఆ మాట తర్వాత ఆ ఇంట్లో కూర్చోవడం ఎవరివల్లా కాదు. చెప్పులు వేసుకొని వెళ్లిపోయాడు. అన్నం తిని పొమ్మని అమ్మ పిలవలేదు. పెళ్లయి ఆ ఇంటికి వచ్చిన నాటి నుంచి, గడపకు వచ్చిన ఆయన్ని ఆమె తిని పొమ్మని అననిది ఆ ఒక్కరోజే.

కొన్నాళ్లకు కాక హైదరాబాదు పోయాడు. ఒక అపార్ట్‌మెంటులో వాచ్‌మన్. గేటు దగ్గరి గదిలో గోడ నిండా సీసీ కెమెరాల బొమ్మలుంటాయట, రోజంతా వాటినే చూస్తూ కూర్చోవాలట. అప్పుడప్పుడు నాకు ఫోన్ చేస్తాడు. అమ్మకు ఇవ్వనా అంటే, "వద్దులే బిడ్డా, పన్లుంటయి వదినకు," అంటాడు.

ఫోన్ పెట్టేశాక అమ్మ పొయ్యి వైపు తిరిగే ఉండి అడుగుతుంది: "తిన్నడా ఆడు?"

"తిన్నడటనే," అంటాను. నేను ఆయన్ని అది అడిగి ఉండను.